పంటు దాటి చదివితే ఏ జిల్లా?

కొలువులు – కోర్టులు: పాఠకుల ప్రశ్నలకు జవాబులు

నా ఉద్యోగ జీవితమంతా జిల్లా పరిషత్ ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్లో, రోస్టర్ రిజిస్టర్ల మధ్య గడిచింది. రిటైరయ్యాక నల్లకోటు వేసుకుని అమలాపురంలో ప్రాక్టీసు పెట్టాను. ఎంపిక జాబితా తయారుచేసే బల్లకు అటువైపూ కూర్చున్నాను, ఇప్పుడు ఇటువైపూ కూర్చుంటున్నాను. ఈసారి వచ్చిన ఉత్తరాలన్నీ స్థానిక సంస్థల ఉద్యోగాల గురించే. వాటిలో చాలావాటికి ఫోనుతో తీసిన మార్కుల జాబితా ఫొటో ఒక్కటే జతచేశారు. "అన్యాయం జరిగిందా లేదా చెప్పండి" అని కింద ఒక వాక్యం. జాబితా ఒక్కటే చూసి ఆ మాట ఎవరూ చెప్పలేరు. నోటిఫికేషన్ పూర్తి ప్రతి పంపండి, ఎన్ని పేజీలున్నా సరే. చదవడం నా పని.

ప్రశ్న: అయ్యా, మాది సఖినేటిపల్లి. ఐదో తరగతి దాకా ఊళ్లోనే చదివాను. ఆరు నుంచి పది వరకు రోజూ పంటు మీద గోదావరి దాటి నరసాపురం వెళ్లి చదువుకున్నాను. ఇంటర్, డీఎడ్ మళ్లీ ఇటువైపే. ఆధార్, రేషన్ కార్డు, ఓటు అన్నీ సఖినేటిపల్లివే. టీచర్ల ఎంపిక కోసం పెట్టిన డీఎస్సీలో తూర్పు గోదావరి జిల్లాకు లోకల్ అని పెట్టి ఎస్‌జీటీ, అంటే ప్రాథమిక బడి టీచరు పోస్టుకు దరఖాస్తు చేశాను. సర్టిఫికెట్ల పరిశీలనలో నన్ను నాన్ లోకల్ అని తేల్చారు. నాకన్నా తక్కువ మార్కులు వచ్చినవాళ్లకు ఉద్యోగం వచ్చింది. పుట్టిన ఊళ్లో నేను పరాయిదాన్ని ఎలా అయ్యాను? కోర్టుకు వెళ్తే గెలుస్తానా? — ఒక పాఠకురాలు, సఖినేటిపల్లి

జవాబు: అమ్మా, లోకల్‌గా గుర్తించమని వెళ్తే గెలవరు. మీకు ఇంకో దారి ఉండొచ్చు. అది చివర్లో చెబుతాను. ముందు ఈ నిబంధన ఏమిటో అర్థం చేసుకోండి. మీలాంటి పిల్లలు వశిష్ఠ గోదావరికి ఇరువైపులా ప్రతి డీఎస్సీలోనూ ఉంటారు.

మీరు రాసిన డీఎస్సీలో లోకల్ ఎవరో తేల్చింది 1975 అక్టోబరులో వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వు. అది ఆధార్ అడగదు, రేషన్ కార్డు అడగదు, పుట్టిన ఊరు అసలే అడగదు. ఎక్కడ చదివారని అడుగుతుంది. పోస్టుకు కావలసిన కనీస అర్హత పరీక్ష, పదో తరగతి, ఈ రెండింటిలో ఏది చిన్నదైతే దాన్ని లెక్కలోకి తీసుకుని, ఆ పరీక్షతో ముగిసే వరుస నాలుగు విద్యాసంవత్సరాలు ఏ జిల్లాలో చదివితే అక్కడ లోకల్. మీ విషయంలో ఏడు నుంచి పది వరకు నరసాపురం. అంటే మీరు పశ్చిమ గోదావరికి లోకల్. ఆ నాలుగేళ్లు ఒకే జిల్లాలో లేనివారికి ఏడేళ్ల లెక్క ఉంది. నాలుగు నుంచి పది వరకు స్టడీ సర్టిఫికెట్లు అడిగేది అందుకే. మీకు నాలుగేళ్ల లెక్కే సరిపోయింది కాబట్టి అక్కడిదాకా వెళ్లే పని లేదు. 2022 ఏప్రిల్‌లో 13 జిల్లాలు 26 అయ్యాయి, మీ ఊరు కోనసీమ జిల్లాలోకి వచ్చింది. అయినా 2025 మెగా డీఎస్సీలో 16,347 పోస్టుల్లో జిల్లా స్థాయివాటిని పాత 13 జిల్లాల లెక్కలోనే ప్రకటించారు. నది దాటితే జిల్లా మారే ఇబ్బంది అలాగే ఉండిపోయింది.

ఇంత వింత నిబంధన ఎందుకు పెట్టారని మీరు అడగవచ్చు. రాజ్యాంగంలోని 16వ అధికరణం పుట్టిన చోటును బట్టి, నివాసాన్ని బట్టి ప్రభుత్వోద్యోగంలో వివక్ష చూపరాదంటుంది. నివాసం షరతు పెట్టే అధికారం పార్లమెంటుకు మాత్రమే ఇచ్చింది. తెలంగాణ ఉద్యోగాలకు నివాస షరతు పెట్టిన 1957 చట్టంలోని సెక్షన్‌ను సుప్రీంకోర్టు 1969లో కొట్టేసింది. 1972లో అదే కోర్టు, తెలంగాణ ఉద్యోగాలు అక్కడి స్థానికులకే అన్న నిజాం కాలపు ముల్కీ నిబంధనలు చెల్లుతాయంది. కోస్తాలో జై ఆంధ్ర ఉద్యమం లేచింది. ఆ మంటలు ఆర్పడానికి 1973లో ఆరు సూత్రాల పథకం, దాని వెంట రాజ్యాంగంలో 371-డి అధికరణం, దాని కింద ఈ ఉత్తర్వు వచ్చాయి. రెండు పెద్ద ప్రాంతాల తగవు తీర్చడానికి గీసిన గీత ఇది. నరసాపురం రేవులో పంటు ఎక్కే బడిపిల్లలు గీసినవాళ్ల కళ్లకు ఆని ఉండరు. అయినా దీని వెనుక 371-డి ఉంది కాబట్టి, "మా ఇల్లు ఇక్కడే" అన్న వాదనకు హైకోర్టు తలుపు తీయదు.

ఇప్పుడు మీ దారి. ఆ ఉత్తర్వు ప్రకారం జిల్లా కేడర్ పోస్టుల్లో 80 శాతం లోకల్ అభ్యర్థులవి. మిగిలిన 20 శాతం నాన్ లోకల్ వాళ్లవని ఊళ్లలో అందరూ అనుకుంటారు. అది తప్పు. ఆ 20 శాతం లోకల్, నాన్ లోకల్ తేడా లేకుండా అందరూ మార్కుల మీద పోటీపడేది. మిమ్మల్ని నాన్ లోకల్ అని తేల్చాక, ఆ 20 శాతంలో మీ పేరు పరిశీలించారా, లేక "తప్పుడు సమాచారం" అని దరఖాస్తునే పక్కన పడేశారా? మీ ఉత్తరంలో ఆ సంగతి లేదు. ఆ 20 శాతంలో మీ కేటగిరీలో చివరి ఎంపికకు వచ్చిన మార్కులు ఎన్నో సమాచార హక్కు కింద అడగండి. జిల్లా స్థాయి కార్యాలయానికి 10 రూపాయల రుసుము, జవాబుకు 30 రోజుల గడువు. మీ మార్కులు అంతకన్నా ఎక్కువైతే, మిమ్మల్ని పరిశీలించనే లేదని తేలితే, అప్పుడు కేసు ఉంది. మార్కులు తక్కువైతే మరో నోటిఫికేషన్ కోసం చదువుకోండి, ఈసారి పశ్చిమ గోదావరిలో లోకల్‌గా దరఖాస్తు చేయండి. నోటిఫికేషన్ వెలువడిన తేదీ నాటికి ఏ ఉత్తర్వు అమలులో ఉంటే అదే వర్తిస్తుంది. అది చూసుకున్నాకే జిల్లా ఎంచుకోండి.

ప్రశ్న: నేను రిటైర్డ్ ప్రధానోపాధ్యాయుణ్ణి. మా లంక గ్రామాల బడులకు వరదల కాలంలో పడవ మీదే వెళ్లాలి. పట్నం పిల్లలు మెరిట్‌తో ఉద్యోగం కొట్టి, లంకలో పోస్టింగ్ రాగానే డిప్యుటేషన్ కోసం ఎమ్మెల్యే ఇంటి చుట్టూ తిరుగుతారు. జిల్లా పరిషత్ తీర్మానం చేసి లంక గ్రామాల అభ్యర్థులకు ఐదో పదో మార్కులు కలిపితే తప్పేమిటి? — ఒక పాఠకుడు, ముమ్మిడివరం మండలం

జవాబు: మాస్టారూ, మీ బాధ న్యాయమైనదే. మీరు చెప్పిన మందు మాత్రం ఇదివరకే ఒక రాష్ట్రం వాడి చూసింది. రాజస్థాన్‌లో జిల్లా పరిషత్ ఉపాధ్యాయుల ఎంపికలో సొంత జిల్లావారికి 10 మార్కులు, గ్రామీణ ప్రాంతంవారికి 5 మార్కులు కలిపారు. ఊరివాళ్లయితే భాష, పరిసరాలు తెలుసు, ఊళ్లోనే ఉంటారు అన్నదే అక్కడి ప్రభుత్వం వాదన కూడా. కైలాశ్ చంద్ శర్మ కేసులో 2002లో సుప్రీంకోర్టు ఆ మార్కులను చెల్లవంది. పల్లెలో పుట్టినవాడు పల్లెలోనే ఉండి పాఠం చెబుతాడనడానికి ఆధారమేదని నిలదీసింది. అయితే ఒక తేదీకి ముందే నియమితులైనవారిని కదపలేదు.

మన గోదావరికి ఎగువన ఏజెన్సీలో ఇంకా పెద్ద ఉదాహరణ ఉంది. షెడ్యూల్డ్ ప్రాంతాల బడుల్లో టీచరు పోస్టులన్నీ స్థానిక గిరిజనులకే ఇస్తూ 2000 జనవరిలో మూడో నంబరు జీవో వచ్చింది. గిరిజన బడుల్లో టీచర్లు ఉండటం లేదు, వెళ్లడం లేదు, అదీ కారణం. చేబ్రోలు లీలాప్రసాదరావు కేసులో 2020 ఏప్రిల్ 22న అయిదుగురు జడ్జీల ధర్మాసనం, నూటికి నూరు శాతం రిజర్వేషన్ చెల్లదని ఆ జీవో కొట్టేసింది. అప్పటికే ఉద్యోగాల్లో ఉన్నవారిని ఉండనిచ్చింది గానీ, రెండు తెలుగు రాష్ట్రాలకూ కలిపి 5 లక్షల రూపాయల ఖర్చులు విధించింది. ఆ తీర్పుతో నాకు మనసులో ఏకీభావం లేదు. రంపచోడవరం పైన కొండల్లో ఖాళీగా ఉన్న బడులు చూసినవారెవరికైనా ఉండదు. కానీ చట్టం అదీ.

మీ తీర్మానం పోరాడవలసిన చోటు వేరే ఉంది. మార్కుల జోలికి పోకుండా బదిలీల నిబంధనలు పట్టుకోండి. రోడ్డు లేని బడులను నాలుగో కేటగిరీలో పెట్టి, అక్కడ పనిచేసినవారికి బదిలీలో ఎక్కువ పాయింట్లు ఇస్తారు. వరదల్లో రోడ్డు మునిగే మీ బడి ఏ కేటగిరీలో ఉందో చూశారా? ఎండాకాలంలో సర్వే చేసిన ఇంజనీరు "రోడ్డు కలదు" అని రాసి ఉంటే, దాని మీద అభ్యంతరం పెట్టండి. డిప్యుటేషన్ల మీద విడిగా సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి. ఎమ్మెల్యే ఇంటి చుట్టూ తిరిగేవారి సంఖ్య దానికే కొంత తగ్గుతుంది.

ప్రశ్న: మా చెల్లెలు బీసీ-బి మహిళల జాబితాలో రెండో స్థానంలో ఉంది. ఉన్న పోస్టు ఒక్కటే. మొదటి స్థానంలో ఉన్న అమ్మాయికి ఓపెన్ కేటగిరీలో చివరగా ఎంపికైన మహిళ కన్నా ఎక్కువ మార్కులున్నాయి. అయినా ఆమెను బీసీ-బి పోస్టులోనే వేశారు. ఆమెను ఓపెన్‌లో వేసి ఉంటే మా చెల్లెలికి ఉద్యోగం వచ్చేది కదా? — ఒక పాఠకుడు, రావులపాలెం

జవాబు: వచ్చేది. ఈ నెల ఉత్తరాల్లో నాకు బలంగా కనిపించిన కేసు మీదే. కాస్త వివరంగా చెబుతాను.

ఓపెన్ కేటగిరీ అంటే ఓసీలకు రిజర్వు చేసింది అని ఇప్పటికీ కొన్ని ఆఫీసుల్లో గుమాస్తాలు నమ్ముతారు. నేను చేరిన కొత్తలో నా పై అధికారి కూడా అలాగే నేర్పాడు. 1992 నాటి ఇంద్రా సాహ్ని తీర్పు ఆ భ్రమ తొలగించింది. సొంత మార్కులతో పైకి వచ్చిన బీసీ, ఎస్సీ అభ్యర్థిని కోటాలో లెక్కించకూడదు. మహిళల విషయంలో మరింత తేటగా చెప్పింది 2020 డిసెంబరు నాటి సౌరవ్ యాదవ్ తీర్పు. ఉత్తరప్రదేశ్ కానిస్టేబుళ్ల ఎంపికలో ఓపెన్ మహిళల పోస్టులకు ఓబీసీ మహిళలను పరిశీలించలేదు. వారికన్నా తక్కువ మార్కులున్న వారిని తీసుకున్నారు. ఓపెన్ అంటే అందరికీ, దానికి వేరే అర్థం లేదని సుప్రీంకోర్టు తేల్చింది.

మీరు కాగితం మీద పెట్టవలసిన లెక్క ఇది. ముందు అభ్యర్థులందరినీ ఒకే మెరిట్ వరుసలో రాయండి. పైనుంచి ఓపెన్ పోస్టులు నింపండి. ఆ తర్వాతే బీసీ-ఏ, బీ, సీ, డీ, ఈ. మన రాష్ట్రంలో వాటికి వరుసగా 7, 10, 1, 7, 4 శాతాలు. మహిళలకు మూడింట ఒక వంతు. 2023 ఆగస్టులో వచ్చిన 77వ నంబరు జీవో తర్వాత అది సమాంతర రిజర్వేషన్. అంటే ఒక కేటగిరీలో మెరిట్ మీదే ఎంపికైన మహిళలు ఆ మూడో వంతులో లెక్కకు వస్తారు, వాళ్లు చాలకపోతేనే కింది నుంచి మహిళలను పైకి తెస్తారు. ఈ పద్ధతిని సుప్రీంకోర్టు 2007లో రాజేశ్ కుమార్ దరియా కేసులో చెప్పింది. ఈ వరుస తలకిందులు చేస్తే అదే పిల్లల పేర్లతో మరో జాబితా వస్తుంది. చాలా తగవులకు మూలం ఇక్కడే. దురుద్దేశం కన్నా, ఏ గడి ముందు నింపాలో తెలియకపోవడమే నేను ఎక్కువగా చూశాను.

రెండు చోట్ల జాగ్రత్త. మొదటి ర్యాంకు అమ్మాయి వయసు సడలింపు వాడుకుని ఉంటే ఆమెను ఓపెన్‌లోకి మార్చవచ్చో లేదో నిబంధనలే చెబుతాయి. అవి చూడాలి. టీచరు అర్హత పరీక్ష టెట్‌లో ఓసీలకు 60 శాతం, బీసీలకు 50 శాతం రావాలి. ఆ సడలింపు వాడుకున్నంత మాత్రాన ఓపెన్‌కు అనర్హురాలు కాదని రాజస్థాన్ టీచర్ల కేసులో, వికాస్ సంఖలా తీర్పులో చెప్పారు. రెండోది ఇంకా ముఖ్యం. మీరు గెలిస్తే ఓపెన్‌లో చివరగా ఎంపికైన మహిళ ఉద్యోగం పోవచ్చు. ఆమెను ప్రతివాదిగా చేర్చకుండా ప్రభుత్వం మీద మాత్రమే రిట్ వేస్తే అది నిలబడదు. 1984 నాటి ప్రబోధ్ వర్మ తీర్పు నుంచీ ఇదే మాట. పక్కఊరి అమ్మాయి పేరు ఎందుకు రాయడం అని మొహమాటపడితే కేసు పోతుంది.

పరిపాలన ట్రిబ్యునల్ రద్దయ్యాక ఇవన్నీ నేరుగా అమరావతిలోని హైకోర్టుకే వెళ్తాయి. ఆలస్యం చేయకండి. పోస్టింగులు ఇచ్చి, జీతాలు పడి, ఆ అమ్మాయిలు ప్రొబేషన్‌లో సగం దాటాక వెళ్తే, న్యాయం మీవైపు ఉన్నా ఫలం దక్కకపోవచ్చు.

ప్రశ్న: ఒక ప్రశ్నకు 'కీ'లో తప్పు జవాబు ఇచ్చారు. ఒక్క మార్కుతో పోయాను. — ఒక అభ్యర్థి, తణుకు

జవాబు: అభ్యంతరాల గడువులో అభ్యంతరం పెట్టారా? పెట్టి ఉంటే దాని రసీదు, ప్రభుత్వ పాఠ్యపుస్తకంలో ఆ జవాబున్న పేజీ తీసుకుని రండి. గైడు పుస్తకాలు వద్దు. 'కీ' సరైనదే అన్న భావనతో కోర్టు మొదలవుతుంది. వాదన, ఊహ అవసరం లేకుండా తప్పు ఎదుటే కనబడాలి. 1983 నాటి కాన్పూరు విశ్వవిద్యాలయం కేసు, 2017 నాటి రణ్ విజయ్ సింగ్ కేసు రెండూ ఇదే చెబుతున్నాయి. అనుమానం ఉంటే దాని ప్రయోజనం పరీక్ష పెట్టినవారికే. గడువులో అభ్యంతరం పెట్టనివారు బస్సు ఛార్జీలు మిగుల్చుకోవచ్చు.

ప్రశ్న: స్థానిక సంస్థలో కాంట్రాక్టు కంప్యూటర్ ఆపరేటర్ పోస్టులకు "డిగ్రీ మార్కులు, నైపుణ్య పరీక్ష ఆధారంగా ఎంపిక" అని ప్రకటన ఇచ్చారు. పరీక్ష అయ్యాక ఇంటర్వ్యూ ఉందన్నారు. అందులో సగం మార్కులు రాకపోతే ఎంపిక చేయమన్నారు. నేను పరీక్షలో మొదటి స్థానం, ఇంటర్వ్యూలో పోయాను. ఇంటర్వ్యూకు వెళ్లావు కాబట్టి ఇప్పుడు కోర్టుకు పోలేవు అంటున్నారు. — ఒక పాఠకుడు, పాలకొల్లు

జవాబు: వాళ్లంటున్నది సగం నిజం. ఎంపికలో పాల్గొని, ఫలితం నచ్చలేదని పద్ధతినే తప్పుపట్టడం కుదరదని 1995లో మదన్ లాల్ కేసు చెప్పింది. అధికారులందరికీ ఆ ఒక్క తీర్పు కంఠతా వచ్చు. అదే సుప్రీంకోర్టు 2019లో మీతా సహాయ్ కేసులో, చట్టానికే విరుద్ధమైన పద్ధతిని ప్రశ్నించే హక్కు పాల్గొన్నంత మాత్రాన పోదంది. ఇది వాళ్లకు గుర్తుండదు.

మీకు ఉపయోగపడేది మన రాష్ట్రం నుంచే వెళ్లిన కేసు. జిల్లా జడ్జి పోస్టుల ఎంపికలో, రాతపరీక్ష, ఇంటర్వ్యూ రెండూ అయ్యాక ఇంటర్వ్యూకు కనీస మార్కుల నిబంధన పెట్టారు. 2008లో కె.మంజుశ్రీ కేసులో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. ఆట ముగిశాక నియమాలు మార్చడం కుదరదంది. జడ్జీల ఎంపికలోనే ఆ పని చెల్లనప్పుడు కంప్యూటర్ ఆపరేటర్ల ఎంపికలో చెల్లుతుందా? ఆ తీర్పు మీద సందేహాలు లేచి, తేజ్ ప్రకాశ్ పాఠక్ కేసు అయిదుగురు జడ్జీల ముందుకు వెళ్లింది. 2024 నవంబరు 7న వారు మంజుశ్రీ తీర్పును నిలబెట్టారు. మినహాయింపు ఒకటుంది. మధ్యలో మార్చే అధికారం నిబంధనల్లోగానీ ప్రకటనలోగానీ ముందే ఉంటే, ఆ మార్పు అడ్డగోలుగా లేకపోతే, చెల్లుతుంది. మీ ప్రకటన చివరి పేజీలో చిన్న అక్షరాల్లో "ఎంపిక విధానం మార్చు అధికారం కలదు" అని ఉందేమో చూడండి. లేకపోతే మీకు మంచి కేసు.

అయినా ఉద్యోగం చేతికి వచ్చినట్టే అనుకోకండి. జాబితాలో పేరున్నంత మాత్రాన నియామకం హక్కుగా రాదని 1991లో శంకర్సన్ దాస్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. సరైన కారణం చూపి మొత్తం ప్రకటననే రద్దు చేసే వీలు వాళ్లకుంటుంది. చిన్న ఆఫీసుల్లో కేసు పడిందని తెలియగానే చేసే మొదటి పని అదే.

ప్రశ్న: మా ఆయన రాజోలు దగ్గర పంచాయతీ మంచినీళ్ల పంపు ఆపరేటరు. పదిహేనేళ్లు దాటింది. సర్పంచులు మారినా ఆయనే వాల్వులు తిప్పుతున్నాడు. ఇప్పుడు "నీది మెరిట్ మీద ఎంపికైన ఉద్యోగం కాదు" అని పర్మినెంటు చేయనంటున్నారు. — ఒక గృహిణి

జవాబు: అమ్మా, మీ ఆయన విషయంలో చట్టం రెండు వైపుల నుంచీ లాగుతోంది. 2006 ఏప్రిల్‌లో ఉమాదేవి కేసులో సుప్రీంకోర్టు, అందరికీ అవకాశం ఇచ్చే ప్రకటన, పోటీ లేకుండా లోపలికి వచ్చినవారిని పర్మినెంటు చేయడం, బయట నిలబడి ఎదురుచూస్తున్న నిరుద్యోగులకు అన్యాయమంది. మంజూరైన ఖాళీ పోస్టుల్లో కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా పదేళ్లు పనిచేసినవారికి ఒక్కసారికి మినహాయింపు ఇచ్చింది. మన రాష్ట్రంలో అంతకుముందే 1994లో రెండో నంబరు చట్టం రోజుకూలీ నియామకాలను నిషేధించింది. ఆ ఏడాదే వచ్చిన 212వ నంబరు జీవో, 1993 నవంబరు 25 నాటికి అయిదేళ్లు నిండినవారిని మాత్రం క్రమబద్ధం చేయమంది. మీ ఆయనకు ఈ రెండు మినహాయింపులూ అందవు.

ఈమధ్య గాలి కొంచెం మారింది. 2024 డిసెంబరులో జగ్గో కేసులో, 2025 జనవరిలో గాజియాబాద్ నగరపాలక సంస్థ తోటమాలుల కేసులో, నిత్యం అవసరమైన పనిని ఏళ్ల తరబడి తాత్కాలికుల చేత చేయించుకుంటూ ఉమాదేవి తీర్పును డాలులా అడ్డం పెట్టుకోవడం కుదరదని సుప్రీంకోర్టు చెప్పింది. ఊరికి నీళ్లు వదలడం కన్నా నిత్యమైన పని ఏముంది?

అయితే కోర్టు కాగితం చూస్తుంది. నేను చూసిన పంచాయతీల్లో ఇలాంటివారి జీతం ఒక నెల "పంపు మరమ్మతు", ఒక నెల "బ్లీచింగ్ పౌడరు" పద్దు కింద ఉంటుంది. మనిషి పేరు ఎక్కడా ఉండదు. కాబట్టి ముందుగా తీర్మానాల పుస్తకం, క్యాష్ బుక్ నకళ్లు సమాచార హక్కు కింద తీసుకోండి. గ్రామస్థాయిలో దరఖాస్తుకు రుసుము లేదు. పనిచేసిన సంవత్సరాలన్నీ రుజువయ్యాక, పర్మినెంటుతో పాటు ఆ పనికి ఉన్న కనీస వేతన స్కేలు కూడా అడగండి. పర్మినెంటువాళ్లతో సమానంగా అదే పని చేసే తాత్కాలిక ఉద్యోగికి ఆ కనీస వేతనం ఇవ్వాలని 2016లో జగ్‌జీత్ సింగ్ కేసులో చెప్పారు. పర్మినెంటు సంగతి ఎటు తేలినా, ఇది దక్కే అవకాశం ఎక్కువ.

ఇంకొకటి. వకీలు "పిటిషనర్ వినతిని పరిశీలించండి" అన్న ఉత్తర్వు తెచ్చి గెలిచామంటే స్వీట్లు పంచకండి. పరిశీలించి తిరస్కరించినా ఆ ఉత్తర్వు పాటించినట్టే.

ప్రశ్న: మా అమ్మాయి డీఎస్సీలో ఎంపికై ఉద్యోగంలో చేరింది. ఎవరో హైకోర్టులో కేసు వేసి మా అమ్మాయిని ప్రతివాదిగా చేర్చారు. నోటీసు వచ్చింది. తప్పు చేసింది ఆఫీసువాళ్లయితే వాళ్లే చూసుకుంటారని ఊరుకున్నాం. సరేనా? — ఒక తండ్రి, మండపేట

జవాబు: సరికాదు. వెంటనే వకాలత్ వేయించండి. ప్రభుత్వ న్యాయవాది జాబితాను సమర్థిస్తాడు, మీ అమ్మాయిని కాదు. ఆఫీసు తన తప్పు ఒప్పుకుని జాబితా సవరిస్తామంటే ఆమె తరఫున మాట్లాడే దిక్కుండదు. వకీలుకు డబ్బెలా అని బెంగపడకండి. మహిళలకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయసహాయం ఇవ్వాలని 1987 నాటి న్యాయసేవల చట్టం చెబుతోంది. హైకోర్టు న్యాయసేవల కమిటీకి దరఖాస్తు పెట్టండి.

కోర్టుకు ఇచ్చే జవాబులో, అంటే కౌంటరులో, ఆమె తప్పేమీ లేదని, ఏ విషయమూ దాచలేదని, చేరిన తేదీ, వదులుకున్న పాత ఉద్యోగం ఉంటే ఆ వివరం స్పష్టంగా రాయించండి. 2013లో బిహార్ ఇంజనీర్ల కేసులో 'కీ' తప్పని తేలి పేపర్లు మళ్లీ దిద్దమన్న సుప్రీంకోర్టు, ఆ తప్పులో పాత్ర లేకుండా ఉద్యోగాల్లో ఉన్నవారిని తీసేయకుండా సీనియారిటీలో చివరన ఉంచమంది. అదే ఏడాది ఛత్తీస్‌గఢ్ ఎస్సైల కేసులోనూ అంతే. కోర్టు ఈ దయ ఎదుట నిలబడినవారికి చూపింది. నోటీసు పెట్టెలో పెట్టి ఊరుకున్నవారికి చూపిందని నేను వినలేదు.

ప్రశ్న: మునిసిపాలిటీలో ఉద్యోగం ఇప్పిస్తానన్న ఒకాయనకు మా తమ్ముడు 3 లక్షలు ఇచ్చాడు. ఉద్యోగం రాలేదు, డబ్బూ రాలేదు. ప్రాంసరీ నోటు ఉంది. దావా వేయవచ్చా? — పేరు వద్దన్నారు

జవాబు: నోటు మీద దావా వేస్తే, ఎందుకిచ్చారని అవతలి వకీలు అడిగే మొదటి ప్రశ్నకే మీ తమ్ముడు ఇరుక్కుంటాడు. చట్టవిరుద్ధమైన పని కోసం చేసుకున్న ఒప్పందం కాంట్రాక్టు చట్టం 23వ సెక్షన్ కింద చెల్లదు. పైగా 2018 సవరణ తర్వాత లంచం ఇవ్వడం కూడా నేరమే. బలవంతం మీద ఇచ్చి, 7 రోజుల్లోగా పోలీసులకో ఏసీబీకో తెలిపినవారికి మినహాయింపు ఉంది. ఆ ఏడు రోజులు మీకు ఎప్పుడో దాటిపోయాయి. ఆ మనిషికి మునిసిపాలిటీలో ఎవరితోనూ సంబంధం లేదని, ఉత్త మోసమని చూపగలిగితే భారతీయ న్యాయ సంహిత 318వ సెక్షన్ కింద ఫిర్యాదు నడుస్తుంది. ఫోను సంభాషణలు, బ్యాంకు బదిలీల వివరాలు ఉన్నాయా? ఉంటే వాటిని చెరపకుండా, తమ్ముణ్ణి వెంటపెట్టుకుని నా దగ్గరకో మరో క్రిమినల్ వకీలు దగ్గరకో రండి. స్టేషనుకు మాత్రం ముందు వెళ్లకండి, ఫిర్యాదులో మొదటి వాక్యం ఎలా రాయాలో అక్కడ ఎవరూ చెప్పరు.